పీఎస్‌పీ యూఎఫ్‌సీ 2010 సేవ్ ఫోన్‌లో కనపడట్లా, మిషన్‌లో ఒకటి కరప్టెడ్ అంటోంది

పెన్నగట్టు (నెల్లూరు)

అన్నలకి నమస్కారం. రెండు చిక్కులు ఒకేసారి వచ్చి పడ్డాయి. విడివిడిగా రాస్తా.

ఆట యూఎఫ్‌సీ అన్‌డిస్ప్యూటెడ్ 2010 (కుస్తీ, బాక్సింగ్ కలిసిన పోట్లాట ఆట), ఒరిజినల్ యూఎండీ (పీఎస్‌పీకి వచ్చే చిన్న డిస్కు). మిషన్ పీఎస్‌పీ 3000 (సోనీ వాళ్ళ చేతి గేమ్ మిషన్), సాఫ్ట్‌వేర్ 6.61, కస్టమ్ ఫర్మ్‌వేర్ (బయటివాళ్ళు మార్చిన సాఫ్ట్‌వేర్) ఏదీ లేదు. మెమరీ స్టిక్ బదులు ప్రో డ్యుయో అడాప్టర్, అందులో 16 జీబీ మైక్రోఎస్‌డీ. బ్యాటరీ ఉబ్బితే తీసి పక్కన పెట్టా, చార్జర్ మీదే నడుస్తోంది.

మొదటి చిక్కు: సేవ్ చేస్తుండగా కరెంటు పోయింది. మళ్ళీ ఆన్ చేసి గేమ్ మెనూలో సేవ్‌డ్ డేటా యుటిలిటీ తెరిస్తే ఈ ఆటవి రెండు కనపడుతున్నాయి. ఒకటి బాగానే ఉంది, బొమ్మ, తేదీ అన్నీ వస్తున్నాయి. రెండోదానికి బొమ్మ లేదు, కరప్టెడ్ డేటా అని మాత్రం ఉంది. కెరీర్ పోయినట్టేనా?

రెండో చిక్కు: ఆటని ఫోన్‌లో పీపీఎస్ఎస్‌పీపీ (పీఎస్‌పీ ఆటల్ని ఫోన్‌లో నడిపే ఎమ్యులేటర్ యాప్) మీద ఆడదామని సేవ్‌డేటా ఫోల్డర్ మొత్తం ఫోన్‌లోకి కాపీ చేశా. ఆండ్రాయిడ్ 13. ఫోన్‌లో ఉన్న ఐఎస్ఓ (డిస్కు మొత్తం ఒకే ఫైల్‌గా తీసిన కాపీ) తెలిసినవాళ్ళు ఇచ్చింది. ఆట తెరుచుకుంటుంది, లోడ్ దగ్గరికి పోతే సేవ్ ఏమీ లేదంటుంది. బాగున్న ఫోల్డర్ కూడా కనపడలా. ఎట్టా?


ఉప్పుగాలి (ఒంగోలు)

ముందు ఒక పని. ఆ కార్డు మీద ఇంకేమీ రాయొద్దు. పీఎస్‌పీలో పెట్టి కొత్త సేవ్ చెయ్యడం, కరప్టెడ్ ఎంట్రీని డిలీట్ కొట్టడం, కంప్యూటర్‌లో పెట్టగానే విండోస్ అడిగే 'స్కాన్ అండ్ ఫిక్స్'కి సరే అనడం, మూడూ వద్దు. కార్డు తీసి రీడర్‌లో పెట్టి, మొత్తం కార్డుని ఒక ఇమేజ్ ఫైల్‌గా తీసి దాచుకో. విండోస్‌లో అయితే విన్32 డిస్క్ ఇమేజర్‌లో 'రీడ్' బటన్, లినక్స్‌లో అయితే డీడీ. 16 జీబీ కార్డుకి 16 జీబీ ఖాళీ కావాలి. తర్వాత ఏ ప్రయోగం చేసినా ఆ ఇమేజ్ మీదే చెయ్యి.

ఇక సేవ్ అంటే ఏమిటో చూడు, రెండు చిక్కులకీ మూలం అక్కడే ఉంది. కార్డు మీద పీఎస్‌పీ ఫోల్డర్, దాని లోపల సేవ్‌డేటా ఫోల్డర్, దాని లోపల ఒక్కో సేవ్‌కి ఒక్కో ఫోల్డర్. ఆ ఫోల్డర్ పేరులో మొదటి తొమ్మిది అక్షరాలు ఆట ఐడీ: నాలుగు అక్షరాలు, అయిదు అంకెలు. యూఎల్‌యూఎస్ అని మొదలైతే అమెరికా డిస్కు, యూఎల్‌ఈఎస్ అయితే యూరప్‌ది. ఎన్‌పీ అని మొదలైతే స్టోర్ నుంచి డౌన్‌లోడ్ అయిన కాపీ. తొమ్మిది అక్షరాల తర్వాత వచ్చేది ఆట తన సౌకర్యం కోసం పెట్టుకున్న తోక.

లోపల కనపడేవి: పారమ్ డాట్ ఎస్ఎఫ్ఓ, ఐకాన్‌0 డాట్ పీఎన్‌జీ (మెనూలో కనపడే చిన్న బొమ్మ, 144 బై 80), కొన్నిటికి పిక్‌1 డాట్ పీఎన్‌జీ (వెనక పరిచే పెద్ద బొమ్మ, 480 బై 272), వీటితో పాటు అసలు సరుకు ఉన్న డేటా ఫైల్. ఈ డేటా ఫైల్ ఎన్‌క్రిప్ట్ అయి ఉంటుంది. దాని తాళం ఆటలో ఉంటుంది, మిషన్‌లో కాదు. అందుకే నీ సేవ్ ఇంకొకరి పీఎస్‌పీలో పెట్టినా అదే డిస్కు ఉంటే తెరుచుకుంటుంది. పారమ్ ఫైల్‌లో ఆ ఫోల్డర్ పేరు, డేటా ఫైల్ పేరు, దాని హ్యాష్ (ఫైల్‌లోని బైట్ల నుంచి లెక్కకట్టిన గుర్తు) రాసి ఉంటాయి. డేటాలో ఒక్క బైటు మారినా హ్యాష్ కలవదు, మిషన్ కరప్టెడ్ అని తోసేస్తుంది.

ఇప్పుడు ఆ పాడైన ఫోల్డర్ కంప్యూటర్‌లో తెరిచి ఒక్కో ఫైల్ సైజు ఎంతుందో ఇక్కడ రాయి. పారమ్ సున్నా బైట్లు ఉందా, అసలు లేదా, డేటా ఫైల్ ఉందా అన్నది చూస్తే సగం తేలిపోతుంది. ఇంకో మాట, రెండు ఫోల్డర్ల పేర్లలో మొదటి తొమ్మిది ఒకటేనా కాదా చూసి అదీ రాయి.


చిన్నబజారు

రెండో చిక్కు తేలిక బ్రో. ఫోన్‌లో ఐఎస్ఓ అమెరికాది అయి ఉంటుంది, నీ యూఎండీ యూరప్‌ది. ఫోల్డర్ పేరు మార్చి అమెరికా ఐడీ పెట్టేయ్, లోడ్ అవుతుంది.


ఉప్పుగాలి (ఒంగోలు)

జబ్బు సరిగ్గానే పట్టారు చిన్నబజారు గారూ, మందు మాత్రం పనిచెయ్యదు. పేరు బయట మార్చినా పారమ్ లోపల పాత పేరే ఉంటుంది. సరే, దాన్ని కూడా హెక్స్ ఎడిటర్‌తో మార్చారనుకుందాం. పారమ్‌కి కూడా దాని సొంత హ్యాష్ ఉంది, అది తప్పుతుంది. అంతా దాటినా రెండు ప్రాంతాల డిస్కులకి తాళం ఒకటే ఉంటుందన్న హామీ లేదు, లోపల డేటా అమరిక ఒకటే అన్న హామీ అంతకన్నా లేదు. ఇంటి నంబరు పలక మార్చినంత మాత్రాన తాళం చెవి మారదు కదా.

సరైన పద్ధతిలో ఐడీ మార్చాలంటే సేవ్‌ని డీక్రిప్ట్ చేసి, రెండో ఆట తాళంతో మళ్ళీ ఎన్‌క్రిప్ట్ చెయ్యాలి. అపోలో సేవ్ టూల్ లాంటివి ఈ పని చేస్తాయి, ఆ ఆట తాళం మన దగ్గర ఉండాలి. పని అయ్యాక కూడా ఆట ఒప్పుకోకపోవచ్చు. దాని బదులు డిస్కుకి తగిన ఐఎస్ఓ వాడటం వంద రెట్లు సులువు.


సోమశిల_గేటు (కావలి)

ఫోన్ సంగతి నేను చెప్తా.

పీపీఎస్ఎస్‌పీపీలో ఆట బొమ్మ మీద వేలు కాసేపు నొక్కి పట్టుకో. ఒక పేజీ తెరుచుకుంటుంది. అక్కడ ఆట పేరు కింద ఐడీ, దాని పక్కన ప్రాంతం ఉంటాయి. ఇంకా కిందకి చూస్తే ఆట సైజు, సేవ్‌డేటా సైజు ఉంటాయి. నువ్వు కాపీ చేసిన తర్వాత కూడా అక్కడ సేవ్‌డేటా లేదని ఉంటే, ఆట తెరిచి లోడ్ దాకా పోవాల్సిన పనే లేదు. ఎమ్యులేటర్‌కే ఆ ఫోల్డర్ అందలేదని అర్థం. సైజు కనపడి కూడా ఆటలో లోడ్ కాకపోతే అప్పుడు వేరే కథ.

అందకపోవడానికి రెండే కారణాలు. ఐడీ కలవకపోవడం ఒకటి, అది పైన అన్న చెప్పాడు. రెండోది తప్పు చోట పెట్టడం. ఎక్కువ మంది పడేది ఇక్కడే.

ఆండ్రాయిడ్ 11 నుంచి యాప్‌లు ఎక్కడపడితే అక్కడ రాయకుండా కట్టడి వచ్చింది. అందుకని పీపీఎస్ఎస్‌పీపీ మొదటిసారి తెరిచినప్పుడే 'మెమరీ స్టిక్ ఫోల్డర్ ఎక్కడ' అని అడుగుతుంది. అక్కడ తొందరపడి యాప్ సొంత స్టోరేజీ ఎంచుకుంటే సేవులన్నీ ఆండ్రాయిడ్ ఫోల్డర్ లోపల డేటా కింద యాప్ పేరుతో దాక్కుంటాయి. మామూలు ఫైల్ మేనేజర్‌కి అవి కనపడవు, పైగా యాప్ అన్‌ఇన్‌స్టాల్ చేస్తే సేవులు కూడా దాంతోనే పోతాయి. నువ్వేమో ఫోన్ మెమరీలో పైన పీఎస్‌పీ అనే ఫోల్డర్ చేసి అందులో పెట్టుంటావు. యాప్ చూసేది ఒక చోట, నువ్వు పెట్టింది ఇంకో చోట.

సరిచేసే పద్ధతి: సెట్టింగ్స్, సిస్టమ్, మెమరీ స్టిక్ ఫోల్డర్. ఇప్పుడు ఏ దారి ఉందో అక్కడే రాసి ఉంటుంది. యాప్ సొంతదైతే మార్చి, ఫోన్ మెమరీలో నీకు కనపడే ఒక ఫోల్డర్ ఇవ్వు. మార్చేటప్పుడు పాత డేటా కూడా తరలించమంటావా అని అడుగుతుంది, అవునను. తర్వాత ఫైల్ మేనేజర్‌లో ఆ ఫోల్డర్ తెరిస్తే లోపల పీఎస్‌పీ, దాని లోపల సేవ్‌డేటా అదే చేసుకుని ఉంటుంది. నీ ఫోల్డర్లు అక్కడ పెట్టు.

పెట్టాక ఒకసారి లోపలికి పోయి చూడు. సేవ్‌డేటా తెరవగానే తొమ్మిది అక్షరాల ఐడీ పేరుతో ఫోల్డర్ కనపడాలి, దాన్ని తెరవగానే పారమ్ ఫైల్ కనపడాలి. జిప్ విప్పినప్పుడు అదే పేరుతో ఫోల్డర్ లోపల ఇంకో ఫోల్డర్ వస్తుంది. సేవ్‌డేటా లోపల సేవ్‌డేటా పేస్ట్ చేసినవాళ్ళు కూడా ఉంటారు. ఒక్క మెట్టు ఎక్కువైనా ఆటకి కనపడదు.

ఇంకోటి, కొన్ని ఆటలు సెట్టింగులు ఒక ఫోల్డర్‌లో, ఆడిన ప్రగతి ఇంకో ఫోల్డర్‌లో పెడతాయి. మొదటి తొమ్మిది అక్షరాలు కలిసినవన్నీ కలిపి తీసుకుపో. ఒకటే తీసుకుపోతే ఆట తెరుచుకుంటుంది గానీ చెమటోడ్చి తయారు చేసుకున్న ఫైటర్ కనపడడు.

కంప్యూటర్ లేకపోయినా పని అవుతుంది. ఫోన్‌కి ఓటీజీ (యూఎస్‌బీ వస్తువులు తగిలించే అడాప్టర్) పెట్టి, దానికి అయిదు పిన్నుల మినీ యూఎస్‌బీ కేబుల్ (పాత కెమెరాలకి, పాత ఎక్స్‌టర్నల్ హార్డ్‌డిస్కులకి వచ్చేది) గుచ్చి పీఎస్‌పీకి పెట్టు. పీఎస్‌పీలో సెట్టింగ్స్‌లో యూఎస్‌బీ కనెక్షన్ ఉంటుంది, అది నొక్కితే ఫోన్‌కి పెన్‌డ్రైవ్ లాగా కనపడుతుంది. కనపడకపోతే ముందు కేబుల్‌ని అనుమానించు. చార్జింగ్ కోసమే అమ్మే వాటిలో డేటా తీగలు ఉండవు.


పెన్నగట్టు (నెల్లూరు)

కార్డు ఇమేజ్ తీసిపెట్టా. చూసినవి ఇవి.

రెండు ఫోల్డర్లకీ మొదటి తొమ్మిది ఒకటే, యూఎల్‌ఈఎస్‌తో మొదలు. యూఎండీ వెనక ఉన్నదీ అదే. ఫోన్‌లో వేలు నొక్కి పట్టి చూస్తే ఐఎస్ఓ ఐడీ యూఎల్‌యూఎస్. సేవ్‌డేటా సైజు ఏమీ రాలా. మెమరీ స్టిక్ ఫోల్డర్ కూడా యాప్ సొంత స్టోరేజీనే. అంటే రెండు తప్పులూ ఉన్నాయన్నమాట.

పాడైన ఫోల్డర్‌లో డేటా ఫైల్ ఉంది, బాగున్నదాని డేటా ఫైల్ కంటే పెద్దదే. ఐకాన్ లేదు. పారమ్ ఉంది గానీ సున్నా బైట్లు.

బాగున్నదాని పారమ్ తెచ్చి ఇందులో పెడితే?


ఉప్పుగాలి (ఒంగోలు)

పెట్టినా లాభం లేదు. ఆ పారమ్‌లో ఉన్న హ్యాష్ వేరే డేటాది, ఫోల్డర్ పేరు కూడా వేరే. మిషన్ దాన్నీ కరప్టెడ్ అనే అంటుంది.

జరిగింది ఇది. పీఎస్‌పీ సేవ్ చేసేటప్పుడు డేటాని ఎన్‌క్రిప్ట్ చేసి రాసి, హ్యాష్ లెక్కకట్టి పారమ్‌లో చేరుస్తుంది. డేటా దిగింది, పారమ్ దిగేలోపు కరెంటు పోయింది. కార్డు మీద ఫైళ్ళు అమర్చే ఫ్యాట్ పద్ధతిలో ఫైల్ పేరు ముందు పడి, సైజు ఫైల్ మూసేటప్పుడు పడుతుంది. అందుకే పేరు ఉండి సైజు సున్నా.

ఇప్పుడు రెండు దారులున్నాయి.

ఒకటి, పాత పారమ్, పాత డేటా కార్డు మీద ఖాళీ జాగాలో ఇంకా మిగిలి ఉన్నాయేమో వెతకడం. ఇక్కడ ఒక మెలిక తెలుసుకో. ఫోటోరెక్ లాంటివి ఫైల్ మొదటి బైట్లు చూసి రకం గుర్తుపడతాయి. పీఎన్‌జీ బొమ్మలు దొరుకుతాయి. ఎన్‌క్రిప్ట్ అయిన డేటా ఫైల్‌కి గుర్తుపట్టే తలకట్టు ఉండదు, కాబట్టి ఫోటోరెక్ దాన్ని చూసినా చూడనట్టే పోతుంది. బోలెడు బొమ్మలు దొరికి ఒక్క సేవూ దొరకలేదని తలపట్టుకునేది అందుకే. పేర్లతో వెతికేది కావాలి: టెస్ట్‌డిస్క్‌లో అన్‌డిలీట్, లేదా రెకువా. ఇమేజ్ ఫైల్‌ని టెస్ట్‌డిస్క్‌కి నేరుగా ఇవ్వొచ్చు. ఆట పాత ఫైల్ మీదే తిరగరాసి ఉంటే ఏమీ దొరకదు, అది ముందే అనుకో. చెక్‌డిస్క్ నడిపితే ఫౌండ్ ఫోల్డర్‌లో సీహెచ్‌కే ముక్కలు వస్తాయి, వాటిలో ఏది ఏమిటో తేలదు, తేలినా హ్యాష్ కలవదు.

రెండో దారి, పాత బ్యాకప్. కంప్యూటర్‌లో గానీ, పాత స్టిక్ మీద గానీ, ఎప్పుడో ఫోన్‌లోకి లాగిన కాపీ గానీ ఉందేమో చూడు. ఫోల్డర్ మొత్తం ఒకే రోజుది అయి ఉండాలి. పారమ్ ఒక రోజుది, డేటా ఇంకో రోజుది కలిపితే పనికిరాదు.

పెద్ద డేటా ఫైల్ పారెయ్యకు, ఒక పక్కన ఉంచు. డిస్కు తాళం తెలిస్తే దాన్ని డీక్రిప్ట్ చేసి కొత్త పారమ్ కట్టే అవకాశం సిద్ధాంతం ప్రకారం ఉంది. డేటా పూర్తిగా దిగి ఉండాలి గానీ. నా లెక్కలో పది మందిలో ఒకరికి కూడా ఆ ఓపిక ఉండదు.


సోమశిల_గేటు (కావలి)

ఐఎస్ఓ సంగతి. నీ యూఎండీ నుంచి నువ్వే తీసుకో, ఐడీ గొడవే ఉండదు. దానికి పీఎస్‌పీలో కస్టమ్ ఫర్మ్‌వేర్ కావాలి. 6.61 మీద ఏఆర్‌కే-4 నడుస్తుంది. గేమ్ మెనూ నుంచి లోడర్ నడిపితే ఎక్కుతుంది, మిషన్ పూర్తిగా ఆపితే దిగిపోతుంది, లోపల శాశ్వతంగా ఏమీ మారదు. ఎక్కాక మెయిన్ మెనూలో సెలెక్ట్ నొక్కితే చిన్న మెనూ వస్తుంది. అందులో యూఎస్‌బీ డివైస్ అన్నచోట యూఎండీ డిస్క్ పెట్టి, కేబుల్ గుచ్చి యూఎస్‌బీ కనెక్షన్ నొక్కు. కంప్యూటర్‌లో స్టిక్ బదులు ఒకే ఒక ఐఎస్ఓ ఫైల్ కనపడుతుంది. దాన్ని కాపీ చేసుకో. యూఎండీలో పట్టేది 1.8 జీబీ వరకు, కాబట్టి ఫైల్ అంతకు మించదు. నిదానంగా వస్తుంది, మధ్యలో కేబుల్ కదిలించొద్దు. ఈ పని కరెంటు నికరంగా ఉన్నప్పుడు చెయ్యి, అసలే నీకు బ్యాటరీ లేదు.

పని అయ్యాక అదే మెనూలో మళ్ళీ మెమరీ స్టిక్ అని పెట్టు. మర్చిపోతే రేపు కార్డు కనపడట్లేదని ఇంకో ప్రశ్న అడుగుతావు.


గుండ్లకమ్మ (ప్రకాశం)

అందరూ సేవ్ గురించే మాట్లాడుతున్నారు, కార్డు గురించి, కరెంటు గురించి ఎవరూ అనలేదు. ఇది తేల్చకపోతే వచ్చే నెల ఇదే ప్రశ్న మళ్ళీ వస్తుంది.

కరెంటు ముందు. బ్యాటరీ లేకుండా చార్జర్ మీద పీఎస్‌పీ నడుస్తుంది, నిజమే. మన దగ్గర ఎండాకాలంలో రోజుకి ఎన్నిసార్లు కరెంటు మిణుకుమంటుందో తెలిసిందే. రెప్పపాటు పోయినా మిషన్ ఆగిపోతుంది. ఉబ్బిన బ్యాటరీ తీసెయ్యడం మంచి పనే, దాన్ని మళ్ళీ పెట్టొద్దు, గుచ్చొద్దు, ఎండలో పడెయ్యొద్దు. 3000కి సరిపోయేది 3.6 వోల్టుల 1200 ఎంఏహెచ్ బ్యాటరీ. 1000 మోడల్‌ది 1800 ఎంఏహెచ్, అది లావు, మీ మూత పట్టదు. అదే సైజులో ఉండి 3600 ఎంఏహెచ్ అని స్టిక్కరు వేసి అమ్మేవాటిని నమ్మకండి. అంత చార్జి ఆ జాగాలో పట్టదు. కొన్న తర్వాత సిస్టమ్ సెట్టింగ్స్‌లో బ్యాటరీ ఇన్ఫర్మేషన్ చూడండి. 40 శాతం అని చూపించి టప్పున ఆగిపోయే బ్యాటరీ, లేని బ్యాటరీతో సమానం.

బ్యాటరీ దొరికేదాకా ఒక ఉపాయం. పీఎస్‌పీ చార్జర్ ఇచ్చేది 5 వోల్టులే. యూఎస్‌బీ నుంచి పీఎస్‌పీ గుండ్రటి పిన్నుకి (బయట కొలత 4 మిల్లీమీటర్లు, లోపల 1.7) కేబుళ్ళు దొరుకుతాయి. దాన్ని పవర్ బ్యాంకుకి పెట్టండి. 1.5 ఆంపియర్లు ఇచ్చే పోర్టు చాలు. కరెంటు పోయినా ఆట ఆగదు. ఒక్క జాగ్రత్త: చాలా పవర్ బ్యాంకులు తక్కువ కరెంటు లాగుతుంటే పని అయిపోయిందనుకుని వాటంతటవే ఆగిపోతాయి. పీఎస్‌పీని స్లీప్‌లో పెట్టి అన్నానికి పోతే, తిరిగొచ్చేసరికి ఆట పోయి ఉంటుంది. అలా నడిపేటప్పుడు స్లీప్ వద్దు. సేవ్ చేసి, పవర్ స్విచ్చి మూడు సెకన్లు పైకి పట్టి పూర్తిగా ఆపండి.

బ్యాటరీ లేకుండా తీగ కూడా పీకేస్తే గడియారం కూడా పోతుంది, తిరిగి తేదీ అడుగుతుంది. దాన్ని విసుక్కుని ఏదో ఒకటి నొక్కెయ్యకండి. సేవ్ మీద పడేది ఆ తేదీయే. తర్వాత ఏది కొత్తదో ఏది పాతదో మీకే తెలియక మంచిదాని మీద ఓవర్‌రైట్ కొడతారు.

ఇక కార్డు. అడాప్టర్‌లో 16 జీబీ అన్నారు. మైక్రోఎస్‌డీల్లో దొంగవి చాలా ఉన్నాయి. లోపల ఉండేది 2 జీబీ, చూపించేది 16. మొదటి 2 జీబీ నిండేదాకా బంగారంలా నడుస్తుంది. తర్వాత రాసినవి ఎక్కడికీ పోవు, లేదా చుట్టు తిరిగి పాతవాటి మీదే పడతాయి. మీ కేసులో కరెంటు పోవడం స్పష్టంగా కనపడుతోంది కాబట్టి కార్డుదే తప్పు అనను, పరీక్ష మాత్రం చెయ్యండి. ఇమేజ్ తీసి దాచుకున్నారు కాబట్టి కార్డు ఖాళీ చేసి, విండోస్‌లో హెచ్2టెస్ట్‌డబ్ల్యూ, లినక్స్‌లో ఎఫ్3. ఖాళీ జాగా అంతా నింపి తిరిగి చదివి సరిచూస్తాయి. పీఎస్‌పీ ద్వారా కాకుండా కార్డు రీడర్‌లో పెట్టి చేయండి. సెకనుకి 4 ఎంబీ వేగం వస్తే 16 జీబీ రాయడానికే గంట దాటుతుంది, మళ్ళీ చదవడం వేరే. ఒక్క తప్పు చూపించినా ఆ కార్డుని సేవులకి వాడొద్దు.

పరీక్ష అయ్యాక ఫార్మాట్ పీఎస్‌పీలోనే చేయండి: సిస్టమ్ సెట్టింగ్స్, ఫార్మాట్ మెమరీ స్టిక్. పీఎస్‌పీకి కావలసిన ఫోల్డర్లు అదే చేసుకుంటుంది.

అడాప్టర్ విషయం. రెండు కార్డులు పట్టే రకం అయితే రెండూ కలిపి ఒకే స్టిక్‌గా నడుస్తాయి, ఒకటి పోతే రెండూ పోయినట్టే. ఒకటే పట్టే రకం మేలు. 3000లో స్టిక్ గూడు ఎడమ వైపు, సరిగ్గా ఎడమ అరచేయి ఆనే చోట. ఈ ఆటలో కింద పడేసి పట్టు పట్టినప్పుడు చెయ్యి ఎంత బిగుస్తుందో ఆడేవాళ్ళకి తెలుసు. మూత వదులైతే అడాప్టర్ వెంట్రుకవాసి కదులుతుంది, సేవ్ సమయంలో అది చాలు. ఎడమ పక్కన నారింజ రంగు లైటు మిణుకుతున్నంతసేపు మిషన్‌ని కదపకండి.

కొత్తపట్నం, మైపాడు, సముద్రం దగ్గర ఎక్కడున్నా సరే, అడాప్టర్ రాగి పళ్ళ మీద ఆకుపచ్చ పొర కడుతుంది. 99 శాతం ఐసోప్రొపైల్ ఆల్కహాల్ దూదికి అద్ది, పళ్ళ వెంబడి ఒకే దిక్కుగా తుడవండి, అయిదు నిమిషాలు ఆరనిచ్చి పెట్టండి. పెన్సిల్ రబ్బరుతో రుద్దమంటారు కొందరు. పూత లేచిపోతుంది, వద్దు.


పెన్నగట్టు (నెల్లూరు)

టెస్ట్‌డిస్క్‌లో ఏమీ దొరకలా. పాత కంప్యూటర్ డెస్క్‌టాప్ మీద మాత్రం ఫిబ్రవరిలో తీసిన సేవ్‌డేటా కాపీ ఉంది, మొత్తం ఫోల్డర్, పారమ్‌తో సహా. కార్డుకి హెచ్2టెస్ట్‌డబ్ల్యూ నడిపా, తప్పుల్లేకుండా ముగిసింది. కాబట్టి కరెంటే.

యూఎండీ నుంచి ఐఎస్ఓ తీశా. ఫోన్‌లో మెమరీ స్టిక్ ఫోల్డర్ మార్చి ఫిబ్రవరి ఫోల్డర్లు పెట్టా. వేలు నొక్కి పట్టితే ఇప్పుడు యూఎల్‌ఈఎస్ అని ఉంది, సేవ్‌డేటా సైజు కనపడుతోంది. ఆటలో కెరీర్ లోడ్ అయింది. నాలుగు పోట్లాటలు వెనక్కి పోయా, పర్లేదు.

ఒకటే అడుగుతా. ఫోన్‌లో ఆడి మళ్ళీ పీఎస్‌పీకి తీసుకుపోవచ్చా? ఫోన్‌లో సేవ్ స్టేట్ తీసుకుంటే అది పీఎస్‌పీలో పనిచేస్తుందా?


సోమశిల_గేటు (కావలి)

స్టేట్ పనిచెయ్యదు. స్టేట్ అంటే ఆ క్షణంలో ఎమ్యులేటర్ మెమరీ అంతా తీసిన అచ్చు. అది పీపీఎస్ఎస్‌పీపీ స్టేట్ ఫోల్డర్‌లో పీపీఎస్‌టీ ఫైల్‌గా పడుతుంది, పక్కన ఒక చిన్న జేపీజీ. నిజం మిషన్‌కి అదేమిటో తెలియదు. యాప్ కొత్త వెర్షన్ వస్తే ఒక్కోసారి ఎమ్యులేటర్‌కే తెలియదు.

ఆటలోంచి చేసిన సేవ్ అయితే వెనక్కి పోతుంది. పీపీఎస్ఎస్‌పీపీ మామూలుగా ఎన్‌క్రిప్ట్ చేసే రాస్తుంది, ఆ సెట్టింగ్ ఎవరూ ముట్టుకోకపోతే చాలు. ఫోల్డర్ మొత్తం తీసుకెళ్ళి కార్డు మీద సేవ్‌డేటాలో పెట్టు, అదే యూఎండీ పెట్టు, తెరుచుకుంటుంది.

స్టేట్‌తో ఇంకో ప్రమాదం చెప్పి ఆపుతా. సోమవారం స్టేట్ తీశావు. బుధవారం దాకా ఆటలో సేవ్ చేసుకుంటూ ముందుకి పోయావు. పోట్లాట ఓడిపోయి కోపంలో సోమవారం స్టేట్ లోడ్ చేశావు. ఇప్పుడు ఆట మెమరీలో ఉన్నది సోమవారం ఫైటరు, కార్డు మీద ఉన్నది బుధవారం ఫైటరు. తర్వాతి పోట్లాట అయ్యాక ఆట సేవ్ చేసిందంటే బుధవారంది పోయినట్టే, అడగడానికి కూడా ఏమీ మిగలదు. పోట్లాట మధ్యలో బస్సు దిగాల్సి వస్తే స్టేట్ తీసుకో, మళ్ళీ కూర్చోగానే దాన్ని లోడ్ చేసి ఆ పోట్లాట ముగించి ఆటలోనే సేవ్ చెయ్యి. ఆ తర్వాత ఆ స్టేట్ చెరిపెయ్.


ఉప్పుగాలి (ఒంగోలు)

రెండు వైపులా ఆడేటట్టయితే ఫోల్డర్‌ని తీసుకుపోయేటప్పుడల్లా పాతదాని మీద పేస్ట్ కొట్టకు. పాత ఫోల్డర్‌ని ముందు బయటికి తీసి, దాన్ని తేదీ పేరున్న ఇంకో ఫోల్డర్‌లో పెట్టి దాచు (ఐడీ ఉన్న ఫోల్డర్ పేరు మాత్రం మార్చొద్దు), తర్వాత కొత్తది పెట్టు. మెర్జ్ చెయ్యాలా అని అడిగితే వద్దను. రెండు సేవుల ఫైళ్ళు ఒకే ఫోల్డర్‌లో కలిస్తే పారమ్ ఒకదానిది, డేటా ఇంకోదానిది అవుతుంది, మళ్ళీ మొదటి పోస్టు దగ్గరికే వస్తావు.

ఆ సున్నా బైట్ల పారమ్ ఉన్న ఫోల్డర్ కార్డు మీద ఇంకా ఉంటే ఇప్పుడు తీసెయ్యొచ్చు. ఇమేజ్ నీ దగ్గర ఉంది కదా.


పెన్నగట్టు (నెల్లూరు)

తీసేశా. ఫిబ్రవరిది పీఎస్‌పీలో కూడా లోడ్ అయింది. పవర్ బ్యాంకు కేబుల్‌కి ఆర్డర్ పెట్టా, బ్యాటరీ చూస్తున్నా. గుండ్లకమ్మ అన్నా, అడాప్టర్ పళ్ళు తుడిస్తే దూది నిజంగానే పచ్చగా వచ్చింది.